బియాత్రీష్ కోష్తాను తెలుగులోకి తీసుకురండి: ప్రచురణకర్తలకు, అనువాదకులకు బహిరంగ లేఖ

తెలుగు ప్రచురణకర్తలకు, అనువాదకులకు, పత్రికల సాహిత్య సంపాదకులకు

నమస్కారం.

కొన్ని నెలల కిందట నేనొక ప్రచురణ సంస్థకు ఉత్తరం రాశాను. పోర్చుగల్‌కు చెందిన నటి, రచయిత్రి బియాత్రీష్ కోష్తా జ్ఞాపకాలను తెలుగు చేస్తున్నాననీ, మొదటి నలభై పేజీలు పూర్తయ్యాయనీ, చదివి చూడమనీ అడిగాను. వారం తిరక్కుండానే జవాబు వచ్చింది. మర్యాదగానే రాశారు. "ఈవిడ మన పాఠకులకు ఏమవుతారు? ఇంగ్లీషు ప్రతి ఉంటే పంపండి, పరిశీలిస్తాం." అంతే, రెండు వాక్యాలు. వాళ్ళను తప్పుపట్టడానికి ఈ లేఖ రాయడం లేదు. కానీ ఆ రెండు వాక్యాలూ మన అనువాద సాహిత్యం గుమ్మంలో చాలా కాలంగా కాపలా కాస్తున్నాయని నాకు అనిపిస్తుంది. అందుకే జవాబు ఆ ఒక్కరికే పంపకుండా మీ అందరికీ రాస్తున్నాను.

ఉద్యోగరీత్యా నేను లిస్బన్‌లో ఏడేళ్ళు ఉన్నాను. అక్కడ కాంపు ద సాంతా క్లారాలో మంగళవారం, శనివారం పాత సామాన్ల సంత జరుగుతుంది. భాష నేర్చుకోవడానికి తేలికైన పుస్తకాలు వెతుక్కుంటూ వెళ్ళేదాన్ని. ఒక శనివారం నేల మీద పరిచిన దుప్పటిలో, తుప్పుపట్టిన తాళంచెవుల పక్కన, ఆమె పుస్తకం కనిపించింది. అట్ట మీద నుదుటిని కప్పేసేలా కత్తిరించిన నల్లటి జుట్టు, కొంటె కళ్ళు. సంతలో కూర్చున్న ముసలాయన పుస్తకాన్ని వెంటనే నా చేతికివ్వలేదు. కాసేపు తనే పట్టుకుని ఆ ముఖాన్ని చూసి, ఒక పాట ముక్క పాడి, అప్పుడిచ్చాడు.

ఆమె 1907 డిసెంబరు 14న లిస్బన్‌కు ఉత్తరాన మాఫ్రా ప్రాంతంలో, షర్నేకా అనే పల్లెలో పుట్టారు. అసలు పేరు బియాత్రీష్ ద కొన్సైసావ్. లిస్బన్ చుట్టుపక్కల పల్లెల మనిషిని అక్కడ "సలోయు" అంటారు, ఆడమనిషి అయితే "సలోయా". నగరానికి కూరగాయలు, రొట్టెలు మోసుకొచ్చినవాళ్ళూ, నగరం విడిచిన బట్టలు మూటకట్టి తీసుకుపోయి వాగుల్లో ఉతికి తెచ్చినవాళ్ళూ ఈ సలోయులే. ఆ మాటలో పల్లెటూరి మనిషి పట్ల ఉండే చిన్నచూపు కూడా కలిసి ఉంటుంది. బియాత్రీష్ సలోయాగా పుట్టారు. ఆ సంగతి జీవితాంతం దాచుకోలేదు.

ఆమె పుట్టిన రోజుల్లో పోర్చుగల్‌లో నూటికి డెబ్బైమందికి అక్షరం రాదు. ఆడవాళ్ళలో ఇంకా ఎక్కువ. ఆమెకూ పదమూడేళ్ళ వయసు దాకా చదవడం రాదు. బడికి పోయే స్థోమత లేక, తనంతట తానే అక్షరాలు కూడబలుక్కుని నేర్చుకున్నారు. ఈ ఒక్క విషయం దగ్గర మీరు కాసేపు ఆగాలని నా కోరిక. పదమూడేళ్ళకు చదవడం మొదలుపెట్టిన ఈ పిల్ల తర్వాత అయిదు పుస్తకాలు రాసింది.

పదిహేనో ఏట, 1923లో, లిస్బన్‌లోని ఎడెన్ థియేటర్‌లో బృంద నర్తకిగా రంగస్థలం ఎక్కారు. అది "రెవిష్తా" నాటకం. ఈ ప్రక్రియ గురించి చెప్పకపోతే ఆమె గొప్పతనం అర్థం కాదు. పంతొమ్మిదో శతాబ్దం నడుమ నుంచి లిస్బన్‌లో నడుస్తున్న ప్రదర్శన ఇది. ఒకే కథ అంటూ ఉండదు. ఆ ఏడాది ఊళ్ళో జరిగిన సంగతులను, ధరలను, మంత్రులను, ఫ్యాషన్లను చిన్న చిన్న ఘట్టాలుగా కట్టి, నడుమ పాటలు, నృత్యాలు పెట్టి, అన్నిటినీ కలుపుతూ మాట్లాడే ఒక పాత్రను నిలబెడతారు. నటి ఒకే రాత్రి చేపలమ్మే మనిషిగా, దొరసానిగా, వీధి కుర్రాడిగా మారాలి. పాడాలి, ఆడాలి, హాల్లో ఎవరైనా ఒక మాట విసిరితే అందుకుని తిరిగి విసరాలి. రాతలో లేని మాటను నటులు అప్పటికప్పుడు కలిపితే దాన్ని "బూష" అంటారు. నోట్లో వేసుకునే చిన్న తిండి ముక్కకు కూడా ఆ మాట వాడతారు. బియాత్రీష్ ఆ విద్యలో ఆరితేరారు.

అలా అప్పటికప్పుడు మాట కలపడం ఆ దేశంలో ఆషామాషీ వ్యవహారం కాదు. 1926లో సైనిక తిరుగుబాటు జరిగింది. 1933 రాజ్యాంగంతో సలజార్ నియంతృత్వం స్థిరపడింది. 1974 ఏప్రిల్ 25 దాకా ఆ పాలనే కొనసాగింది. ఆ రోజుల్లో నాటకం రాతప్రతి ముందుగా సెన్సారు అధికారుల చేతికి వెళ్ళాలి. వాళ్ళు కొట్టివేతలకు వాడిన నీలం పెన్సిలు పేరుతోనే అక్కడి జనం ఇప్పటికీ ఆ కాలాన్ని తలుచుకుంటారు. రాత మీద పెన్సిలు పడ్డాక నటికి మిగిలేవి కనురెప్ప, భుజం, ఒక మాటకూ ఇంకో మాటకూ నడుమ విరామం. పార్క్ మయెర్ అనే చిన్న ఆవరణలో పక్కపక్కనే ఉన్న థియేటర్లకు జనం దేనికోసం వెళ్ళేవారంటే, ఆ విరామాల్లో వినిపించే దానికోసం కూడా.

సినిమాల సంగతికొస్తే, ఆమె చేసినవి వేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు. మూకీల్లో చిన్న పాత్రలతో మొదలుపెట్టారు. 1931లో పారిస్ దగ్గర జాయిన్‌విల్‌లో పారామౌంట్ సంస్థ ఒకే కథను రకరకాల భాషల్లో తీస్తున్నప్పుడు పోర్చుగీసు చిత్రం ఒకదానిలో నటించారు. ఆమెను దేశమంతా గుర్తుపెట్టుకునేలా చేసింది మాత్రం 1933 నవంబరులో విడుదలైన "లిస్బన్ పాట". పోర్చుగీసులో "అ కన్సావ్ ద లిజ్బోవా". పూర్తిగా పోర్చుగల్‌లోనే తయారైన మొదటి టాకీ అది. అంతకు రెండేళ్ళ ముందు వచ్చిన పోర్చుగీసు టాకీకి శబ్దం పని ఫ్రాన్స్‌లో చేయించుకోవలసి వచ్చింది. దర్శకుడు కొత్తినెల్లి తెల్ము వృత్తిరీత్యా భవన నిర్మాణ శిల్పి. కథానాయకుడు వాష్కు సంతానా వైద్య విద్యార్థి పాత్ర వేశారు. పల్లెలో ఉన్న మేనత్తలు పంపే డబ్బుతో చదువు మానేసి తిరుగుతుంటాడు, వాళ్ళేమో మేనల్లుడు డాక్టరయ్యాడని నమ్ముతుంటారు. బియాత్రీష్ దర్జీ కూతురు ఆలీస్. సూదినీ, కుట్టేటప్పుడు వేలికి తొడుక్కునే అంగుస్తానునూ కలిపి ఆమె పాడే పాటను ఇప్పటికీ పెద్దవాళ్ళు కూనిరాగం తీస్తారు. సంతలో ఆ ముసలాయన పాడింది ఆ పాటేనని నాకు సినిమా చూశాక తెలిసింది.

ఆ సినిమాలో ఆమె చేసిన పనిని జాగ్రత్తగా చూడండి. చుట్టూ ఉన్నవాళ్ళు నాటకశాల నుంచి వచ్చిన మహామహులు. వాష్కు సంతానా, ఆమె తండ్రిగా వేసిన అంతోనియు సిల్వా గొంతెత్తి, చేతులు ఊపుతూ చెలరేగిపోతుంటారు. కెమెరా దగ్గరగా ఉందనీ, వెనక వరుసలో కూర్చున్నవాడికి వినిపించాల్సిన అవసరం లేదనీ అందరికంటే ముందు గ్రహించిన మనిషి ఆమె అనిపిస్తుంది నాకు. తల కొంచెం వంచి నుదుటి జుట్టు కిందినుంచి చూసే చూపు చాలు. రంగస్థలం మీద నేర్చుకున్న విరామాన్ని వెండితెరకు సరిపడేంత చిన్నది చేసుకున్నారు.

ఆమె చివరి సినిమా 1939 నాటి "ఆల్దేయా ద రోపా బ్రాంకా". తెల్లబట్టల పల్లె. దర్శకుడు షియాంకా ద గార్సియా. లిస్బన్ బట్టలుతికే పల్లె కథ అది. బట్టల మూటలు బండ్లకెత్తి నగరానికి చేర్చే రెండు కుటుంబాల నడుమ పోటీ, నగరం మోజులో పడ్డ కుర్రాడు, అతని కోసం ఎదురుచూసే గ్రసిందా. ఆ గ్రసిందాయే బియాత్రీష్. సలోయాగా పుట్టిన మనిషి తెర మీద సలోయాగా వాగులోకి దిగి, మోకాళ్ళ మీద కూర్చుని, బండకేసి బట్ట బాదుతూ పాడుతుంటే, అందులో వేషం ఎంత, పుట్టుక ఎంత అని చెప్పడం కష్టం. అప్పటికి ఆమె వయసు ముప్పైఒకటి.

తెర మీద ఆమె ముప్పైఒకటో ఏటనే ఆగిపోయారు. కానీ ఎనభైఎనిమిదేళ్ళు బతికారు. సినిమాల్లో మాత్రమే ఆమెను చూసినవాళ్ళకు తెలియని బతుకు యాభైఏడేళ్ళు ఉంది. 1939లో బ్రెజిల్ వెళ్ళి, యుద్ధకాలమంతా అక్కడే ఉండి, రియో ద జనీరో వేదికల మీద దాదాపు పదేళ్ళు పనిచేశారు. పెళ్ళి చేసుకున్నారు, అది రెండేళ్ళకే ముగిసింది. 1949లో లిస్బన్ తిరిగొచ్చి మళ్ళీ రెవిష్తా ఎక్కారు. 1960లో, ఇంకా జనం టికెట్ల కోసం నిలబడుతున్న రోజుల్లోనే, రంగస్థలం వదిలేశారు. తర్వాత లోకం తిరిగారు. నాటకాలు, చిత్రోత్సవాలు చూస్తూ దేశాలు పట్టి పోయారు. లిస్బన్‌లో సొంత ఇల్లంటూ పెట్టుకోకుండా లిబర్దాద్ అవెన్యూలోని టివొలి హోటల్లో గది తీసుకుని ఉండిపోయారు. తాను పేరు తెచ్చుకున్న పార్క్ మయెర్ అక్కడికి నడిచిపోయేంత దూరమే. 1996 ఏప్రిల్ 15న చనిపోయేవరకు ఆమె చిరునామా ఆ హోటలే.

రంగస్థలం మీద ఆమె గడిపిన వేల రాత్రులను ఎవరూ పట్టి ఉంచలేదు, పట్టి ఉంచడం సాధ్యం కూడా కాదు. మిగిలినవి కొన్ని పాటలు, కొన్ని రీళ్ళు, అయిదు పుస్తకాలు. వీటిలో ఆమె పూర్తిగా తనదైన గొంతుతో, ఎవరి దర్శకత్వమూ, ఎవరి పెన్సిలూ లేకుండా మాట్లాడినవి ఆ పుస్తకాలే. మొదటిది 1975లో వచ్చింది. నియంతృత్వం కూలి ఏడాది. ఆమెకు అరవైఏడేళ్ళు. ఆ తేదీలు పక్కపక్కన పెట్టి చూస్తే నా గుండె కొట్టుకునే తీరు మారుతుంది.

ఆ పుస్తకం పేరు "సెం పాపష్ న లింగువా". మాటకు మాట చెబితే నాలుక మీద జావ లేకుండా అని. నోట్లో జావ పెట్టుకుని నసిగినట్టు కాకుండా, ఉన్నది ఉన్నట్టు అనేయడం. దీన్ని తెలుగులో ఏమనాలి? "కుండ బద్దలు కొట్టినట్టు" అందామనుకున్నాను. అర్థం సరిపోతుంది, కానీ నాలుక పోతుంది. ఆమె బతుకంతా ఆ నాలుక మీదే నడిచింది. "నోరు నొక్కుకోకుండా" అంటే నీలం పెన్సిలు గుర్తొస్తుంది, బాగుంది, కానీ అందులో ఆమె చిలిపితనం లేదు. ఇలాంటి చిక్కుల కోసమే కదా మనం అనువాదాలు చేసేది?

రెండో పుస్తకం 1977లో వచ్చింది. దాని పేరు "వాష్కులు సంతానాలుగా ఉన్న రోజుల్లో... అంతే కాదు". పైకి చూస్తే తన తోటి హాస్యనటుడు వాష్కు సంతానాను తలుచుకోవడమే. కానీ అప్పటికి రెండేళ్ళ కిందటి దాకా, విప్లవం తర్వాతి అల్లకల్లోలంలో, దేశ ప్రధాని పేరు కూడా వాష్కుయే. వాష్కు గొన్సాల్వెష్. 1977లో పుస్తకాల దుకాణం ముందు నిలబడ్డ పాఠకుడికి ఆ పేరు వినబడకుండా ఉండదని నేను నమ్ముతున్నాను. రెవిష్తా నటి రాతలోకి వచ్చి కూడా బూష మానలేదు, అట్ట మీదే వేసింది. తర్వాత "సరిహద్దులు లేని స్త్రీ" 1981లో, "జీవితపు కొమ్ముల మీద" 1984లో, "వాళ్ళూ నేనూ" 1990లో వచ్చాయి. నాలుగో పేరులో ఎద్దు ఉందని గమనించారా? మదించిన ఎద్దు ముందు నిలబడి దాని కొమ్ముల మధ్యకు చేరిన మనిషి చెప్పే కథలు. ఎనభైరెండేళ్ళ వయసు దాకా ఆమె రాస్తూనే ఉన్నారు.

ఇప్పుడు ఆ సంస్థవారి మొదటి ప్రశ్నకు వస్తాను. ఈమె మనకేమవుతారు?

పోర్చుగల్ నుంచి మన దాకా వచ్చిన పేర్లలో నవలా రచయిత జుజే సరమాగో ఒకరు. 1998లో నోబెల్ ఉపన్యాసాన్ని ఆయన చదువురాని తన తాతతో మొదలుపెట్టారు. తాను ఎరిగిన వారిలో అందరికంటే వివేకవంతుడు చదవడం, రాయడం రాని ఆ మనిషేనన్నారు. లోకమంతా చప్పట్లు కొట్టింది, న్యాయమే. కానీ చదువురాని ఇంట పుట్టిన మనిషే స్వయంగా కలం పట్టి, తన సంగతి తానే చెప్పుకుంటే దాన్ని సాహిత్యం అల్మారాలో పెట్టడానికి ఎందుకు సందేహిస్తాం? హాస్యనటి కాబట్టా? ఆడమనిషి కాబట్టా? మనకు భానుమతి రామకృష్ణ గారు ఉన్నారు. "అత్తగారి కథలు" రాసిన చేయీ, "నాలో నేను" రాసిన చేయీ నటన చేసిన మనిషివే. భానుమతి గారి రచనను సినిమా కబుర్లుగా కొట్టిపారేయని పాఠకులు మన దగ్గర ఉన్నారు. అలాంటి పాఠకులకు బియాత్రీష్ ఏమవుతారో నేను చెప్పనక్కర్లేదు.

ఇంకో చుట్టరికం కూడా ఉంది. "తెల్లబట్టల పల్లె" చూస్తూ ఒక రాత్రి నేను లిస్బన్‌లోని నా గదిలో ఒక్కదాన్నే లేచి కూర్చున్నాను. వాగులో ఆమె చేతిలో ఉన్నది "సబావ్". మన సబ్బు. ఆరబెట్టిన "తువాల్య" మన తువ్వాలు. అంతకు ముందు సినిమాలో దర్జీ కూతురిగా ఆమె కుట్టిన "బొతావ్" మన బొత్తాం. ఆ బొత్తాం దూరే రంధ్రాన్ని అక్కడ "కాజా" అంటారు, ఇల్లు అని అర్థం. బొత్తానికి ఇల్లు! మన దర్జీలు కాజాలు కుడుతున్నారు కదా, అదే మాట. ఇస్త్రీ కూడా అక్కడిదేనంటారు భాషావేత్తలు. ఓడల్లో వచ్చి, చేతులు మారి, మన పెరళ్ళలోకి చేరిన మాటలివి. ఉతికే మనిషి, కుట్టే మనిషి మాటలే ఇంత లోతుగా మనలో దిగాయి. అలాంటి మనుషుల పాత్రలే వేసిన ఒక స్త్రీ గొంతు మాత్రం మనకు పరాయిదైంది.

అందుకే ఇంగ్లీషు ప్రతి అడగవద్దని వేడుకుంటున్నాను. "కాజా" ఇంగ్లీషు గుండా వస్తే మనకు చేరదు. సలోయా అనే మాట ఇంగ్లీషులోకి పోయి పల్లెటూరి స్త్రీ అయి తిరిగొస్తుంది, అందులోని చిన్నచూపూ, దాన్ని ధిక్కరించే పొగరూ దారిలోనే రాలిపోతాయి. ఆమె పేరే చూడండి. ఇంగ్లీషు అక్షరాలు చూసి రాస్తే బీట్రిజ్ కోస్టా అవుతుంది. లిస్బన్‌లో అలా పిలిస్తే ఎవరూ వెనక్కి తిరగరు.

పోర్చుగీసు వచ్చిన తెలుగువాళ్ళు ఎక్కడున్నారని మీరు అడగవచ్చు. ఉన్నారు. గోవా విశ్వవిద్యాలయంలో పోర్చుగీసు శాఖ ఉంది, ఢిల్లీలో జేఎన్‌యూలోనూ ఆ భాష నేర్పుతున్నారు. లిస్బన్, పోర్తు నగరాల్లో ఉద్యోగాలు చేసుకుంటూ భాష పట్టుబడ్డ నావంటివారు ఉన్నారు. మమ్మల్ని ఎవరూ పిలవలేదు, అంతే. ఖర్చు సంగతి అంటారా, తమ రచయితలను ఇతర భాషల్లోకి తేవడానికి పోర్చుగల్ ప్రభుత్వ గ్రంథ విభాగమూ, కమోయిష్ సంస్థా కలిసి విదేశీ ప్రచురణకర్తలకు సహాయం ఇస్తుంటాయి. దరఖాస్తు ప్రచురణకర్త పేరుతోనే వెళ్ళాలి. అనువాదకురాలిగా నేను ఒక్కదాన్నే చేయలేని పని అది. హక్కుల కోసం వారసులకు రాయడం కూడా అంతే. నేను ఉత్తరం ముసాయిదా పోర్చుగీసులో సిద్ధం చేసి పెట్టాను, సంతకం చేసే సంస్థ కావాలి.

అయిదూ ఒకేసారి వేయమని అడగడం లేదు. మొదటి పుస్తకం ఒక్కటి చాలు. ఒక విన్నపం మాత్రం ఉంది. వేస్తే కుదించి వేయకండి. పెద్దవాళ్ళతో కలిసి దిగిన ఫొటోల పేజీలూ, హోటలు జీవితపు ముచ్చట్లూ ఉంచి, ఆకలి పేజీలు తీసేసి, "అలనాటి అందాల తార" అని అట్ట మీద వేయకండి. ఆకలి పేజీలే ఆమె అక్షరాలు నేర్చుకున్న పేజీలు. రెవిష్తా గురించి తెలియని పాఠకుడి కోసం ముందుమాటలో నాలుగు పేజీలు నేను రాస్తాను. అడుగున వివరణలతో పేజీ నింపి ఆమె వేగానికి అడ్డుపడకుండా చూస్తాను. సంపాదకులకు కూడా ఒక మాట. ఆదివారం అనుబంధంలో ఒక్క అధ్యాయానికి చోటిచ్చి చూడండి. పాఠకులకు ఆమె ఏమవుతారో పాఠకులే చెబుతారు.

నేను తెలుగు చేసిన నలభై పేజీలు ఇప్పుడు అరవైనాలుగయ్యాయి. అడిగినవారికి అడిగిన రోజే పంపుతాను. పేరు మాత్రం ఇంకా కుదరలేదు. మొన్న మా అమ్మకు ఆ పోర్చుగీసు మాట అర్థం వివరించి, తెలుగులో ఏమంటే బాగుంటుందని అడిగాను. బియ్యం ఏరుతూ తల ఎత్తకుండానే, "నోట్లో ముద్ద పెట్టుకుని మాట్లాడొద్దు అని నిన్ను ఎన్నిసార్లు తిట్టాను!" అంది. "నోట్లో ముద్ద లేకుండా" అని రాసి పెట్టుకున్నాను. జావ బదులు ముద్ద వచ్చింది, నోరు నిలిచింది, బూష కూడా ఎక్కడో తగిలింది. మీలో ఎవరికైనా ఇంతకంటే మంచి పేరు తడితే రాయండి, మార్చుకుంటాను.

ఇట్లు,
అరవైనాలుగు పేజీలతో ఎదురుచూస్తున్న ఒక అనువాదకురాలు